దిద్దుబాటు లేని గీత – జపాను అక్షరకళ, ఒక యాత్రికుని అనుభవం

ఒక శతాబ్దం క్రిందట, 1922లో, హైదరాబాదు రాజ్య విద్యాశాఖ డైరెక్టరుగా ఉన్న సయ్యద్ రాస్ మసూద్ జపాను దేశానికి ప్రయాణమై వెళ్ళినారు. అంతకు నాలుగేండ్ల ముందు, 1918లో, ఉర్దూ బోధనభాషగా ఉస్మానియా విశ్వవిద్యాలయం స్థాపితమైనది. ఆసియా ఖండంలోని ఒక దేశం తన సొంత భాషలోనే ఆధునిక శాస్త్రాలను బోధించుకొని ఎట్లు ముందంజ వేయగలిగినదో స్వయంగా పరిశీలించి రావడమే ఆ ప్రయాణానికి ముఖ్యోద్దేశం. ఆయన చూచిన విషయాలు 1923లో జపాను విద్యావిధానాన్ని గురించిన ఒక ఆంగ్ల గ్రంథంగా వెలువడినవి.

నేటి సామాన్య యాత్రికునిపై అంతటి గురుతర బాధ్యత ఏదీ ఉండదు. అతడు దేవాలయాలను, ఉద్యానవనాలను, వేగపు రైళ్ళను చూచి సంతోషించి తిరిగి రావచ్చును. అయితే అదే దేశంలో రెండు గంటల కాలం వెచ్చించి, చేత కుంచె పట్టి, ఒక్క అక్షరం రాయడం నేర్చుకొనే అవకాశం కూడా అతనికి లభిస్తున్నది. క్యోటో, టోక్యో, నారా వంటి నగరాలలో విదేశీయుల కొరకు అట్టి శిక్షణశాలలు అనేకం ఉన్నవి. ఆ రెండు గంటలలో అక్షరకళ పట్టుబడదు. కాని ఒక జాతి తన చేతిరాతను ఏ విధంగా గౌరవించుకొంటున్నదో, ఆ గౌరవాన్ని నిలుపుకొనడానికి ఏమేమి ఏర్పాట్లు చేసుకొన్నదో అవగతమవుతుంది. కలం పట్టే వంశాలనుండి వచ్చిన మన విద్యార్థులకు ఈ విషయం ఉపయోగపడునని తలచి ఈ వ్యాసం రాస్తున్నాను.

రాత అనే మార్గం

జపాను భాషలో అక్షరకళను 'షోదో' అంటారు. 'షో' అనగా రాత, 'దో' అనగా మార్గం. జూడో, కెండో వంటి విద్యల పేర్లలో వినిపించే 'దో' కూడా ఇదే. తేనీరు అందించే విధానాన్ని, పూలు అమర్చే విధానాన్ని కూడా వారు ఇట్లే మార్గాలుగా పరిగణించినారు. అనగా, అందమైన అక్షరం రాయడం ఒక ఫలితం మాత్రమే. ఆ అక్షరం రాసే మనిషి కుదురు, శ్వాస, ఏకాగ్రత అలవడడమే అసలు సాధన అని దీని భావం.

ఈ విద్య జపానుకు చైనానుండి, కొరియా ద్వారా చేరినది. జపాను ప్రాచీన చరిత్ర గ్రంథమైన 'నిహోన్ షోకి'లోని కథనం ప్రకారం 610వ సంవత్సరంలో కొరియానుండి వచ్చిన ఒక బౌద్ధ భిక్షువు రంగులు, కాగితం, సిరా తయారుచేయడం ఎరిగినవాడు. బౌద్ధ సూత్ర గ్రంథాలకు ప్రతులు రాసే పనితో పాటు కుంచె, కాగితం దేశమంతటా వ్యాపించినవి.

జపాను అక్షరకళలో అగ్రగణ్యుడుగా స్మరింపబడే కూకాయ్ (774–835) ఒక బౌద్ధాచార్యుడు. 804లో చైనాకు వెళ్ళి, 806లో తిరిగి వచ్చినాడు. అక్కడ ప్రజ్ఞుడనే భారతీయ భిక్షువు వద్ద సంస్కృతం అభ్యసించి, సిద్ధం అనే భారతీయ లిపిలోని గ్రంథాలను స్వదేశానికి తెచ్చినాడు. సిద్ధం లిపి అధ్యయన ప్రభావం జపాను వర్ణమాల క్రమంపై స్పష్టంగా కనిపిస్తుంది. అ, ఇ, ఉ, ఎ, ఒ అని మొదలై, క, స, త, న, హ, మ, య, ర, వ అని సాగే ఆ క్రమాన్ని విన్న తెలుగు విద్యార్థికి అది పరాయి దేశపు పాఠమని తోచదు.

కుంచెకు సంబంధించిన మరొక బంధం కూడా పేర్కొనదగినది. భారతదేశంనుండి వెళ్ళిన బోధిసేనుడనే ఆచార్యుడు 736లో జపాను చేరినాడు. నారా నగరంలోని తోదాయ్‌జీ ఆలయపు మహాబుద్ధ విగ్రహానికి 752లో నేత్రోన్మీలనం జరిగినప్పుడు, కుంచెతో కనుపాపలు దిద్దినవాడు ఆయనే. ఆ పుణ్యకార్యంలో తామూ పాలుపంచుకొన్నట్లు భావించడానికై, కుంచెకు కట్టిన పొడవైన దారాన్ని అక్కడ చేరినవారు పట్టుకొన్నారు. ఆ కుంచె, ఆ దారం నారాలోని షోసోయిన్ భాండాగారంలో నేటికీ భద్రంగా ఉన్నవి.

చైనా అక్షరాలు జపాను భాష ఉచ్చారణకు పూర్తిగా ఒదగలేదు. కావున వాటిని వేగంగా రాయగా రాయగా కరిగి మెత్తబడిన రూపాలనుండి తొమ్మిదవ శతాబ్దంలో 'హిరగానా' అనే లిపి ఏర్పడినది. ఆనాటి స్త్రీలు విశేషంగా వాడినందున దీనికి 'స్త్రీల రాత' అనే పేరు కూడా కలిగినది. పదకొండవ శతాబ్దపు ఆరంభంలో మురసాకీ షికిబు అనే విదుషీమణి రచించిన 'గెంజి మొనోగతారి' ఈ లిపిలో వికసించిన సాహిత్యమే. పండితుల లిపి ఒకటి, ఇంటి లిపి ఒకటి అనే భేదంతో మొదలై, రెండూ కలిసి ఒకే వాక్యంలో ఇమిడిపోవడం జపాను రాతలోని ప్రత్యేకత.

నాలుగు నిధులు

అక్షరసాధకుని పరికరాలను అక్కడ 'నాలుగు నిధులు' అంటారు. అవి కుంచె, సిరా, సానరాయి, కాగితం. శిక్షణశాలలో యాత్రికుని ముందు మొదట పెట్టేవి ఇవే. ఒక్కొక్కదాని వెనుక ఒక్కొక్క ఊరు, ఒక్కొక్క వృత్తి ఉన్నవి.

కుంచె విషయంలో హిరోషిమా ప్రాంతంలోని కుమానో పట్టణం ప్రసిద్ధి పొందినది. కొండల నడుమ సాగుభూమి తక్కువగా ఉన్న ఆ ఊరి రైతులు, పనిలేని కాలంలో బయటి ప్రాంతాలకు కూలికి వెళ్ళి, తిరిగి వచ్చేటప్పుడు నారా వంటి చోట్ల కుంచెలు కొని దారిలో అమ్ముకొనేవారు. పిదప పందొమ్మిదవ శతాబ్దంలో తామే కుంచెలు కట్టడం నేర్చుకొన్నారు. మేక, గుర్రం, జింక, ముంగిసను పోలిన వీజిల్ మొదలైన జంతువుల వెంట్రుకలను ఏరి, దువ్వి, కలిపి కుంచె కడతారు. మేక వెంట్రుక మెత్తన, సిరాను బాగా పీల్చుకొంటుంది. గుర్రపు వెంట్రుక బిరుసు, వంగిన వెంటనే తిరిగి లేస్తుంది. ఈ రెండు గుణాలను ఎంత పాళ్ళలో కలపవలెనో తెలియడమే పనితనం.

సిరా కడ్డీని 'సుమి' అంటారు. మన ఇండ్లలో ఆముదపు దీపంపై పళ్ళెం బోర్లించి కాటుక పట్టే పద్ధతి పెద్దలకు జ్ఞాపకముండును. సుమికి మూలం అట్టి మసియే. ఆవనూనె వంటి నూనె దీపాల మసినిగాని, దేవదారు జాతి చెట్టు కట్టె కాల్చిన మసినిగాని తీసుకొని, జంతు చర్మాలనుండి తీసిన జిగురుతో, కొద్ది సుగంధద్రవ్యంతో కలిపి పిసుకుతారు. నూనెమసి సిరాలో గోధుమ ఛాయ, కట్టెమసి సిరాలో నీలి ఛాయ కనిపిస్తుంది. వేసవి వేడికి జిగురు పాడవుతుంది గనుక ఈ పని అక్టోబరునుండి ఏప్రిల్ వరకు, చలికాలంలోనే సాగుతుంది. అచ్చులోనుండి తీసిన కడ్డీలను బూడిదలో ఉంచి మెల్లగా తేమ తీసి, పిదప గడ్డితాళ్ళకు కట్టి నెలల తరబడి ఆరవేస్తారు. జపానులో తయారయ్యే సుమిలో అత్యధిక భాగం నారా నగరానిదే. 1577లో స్థాపితమైన కోబాయెన్ అనే సిరాశాల అక్కడ నేటికీ పనిచేస్తున్నది. చలికాలంలో వెళ్ళిన యాత్రికుడు వెచ్చని సిరాముద్దను తన పిడికిట పట్టి నొక్కి, వ్రేళ్ళ ముద్రలతో ఒక కడ్డీ చేసుకొని తెచ్చుకొనే అవకాశం కూడా నారాలో ఉన్నది. అయితే అది ఆరి రాతకు పనికి వచ్చేందుకు నెలలు వేచి ఉండవలెను.

సానరాయిపై రెండు భాగాలుంటవి. చదునైన భాగాన్ని 'ఒకా' అనగా నేల అని, లోతైన భాగాన్ని 'ఉమి' అనగా సముద్రం అని పిలుస్తారు. నేలపై కొన్ని చుక్కల నీరు వేసి, గంధపు చెక్కను సానపై అరగదీసినట్లు సుమికడ్డీని అరగదీస్తే, నల్లని ద్రవం సముద్రంలోకి జారుతుంది. ఇట్టి రాళ్ళకు పేరుపడ్డ ఊరు ఈశాన్య జపాను తీరంలోని ఒగాత్సు. 2011 మార్చి 11న వచ్చిన భూకంపం, సునామీ ఆ ఊరిని తుడిచిపెట్టినవి. ఇండ్లతో పాటు కార్ఖానాలు, పనిముట్లు, చెక్కిన రాళ్ళు కొట్టుకొనిపోయినవి. మిగిలిన కొద్దిమంది పనివారు బురదలోనుండి రాళ్ళను ఏరుకొని తిరిగి పని మొదలుపెట్టినారు. సానపై నేల, సముద్రం అనే పేర్లు విన్నప్పుడు ఈ ఊరు మనస్సుకు రాక మానదు.

నాలుగవ నిధి కాగితం. దానిని గురించి ముందు ప్రత్యేకంగా చెప్పుకొందాం.

శిక్షణశాలలో రెండు గంటలు

ఈ వ్యాసకర్త క్యోటోలోని ఒక పాత చెక్క ఇంటిలో నడిచే శిక్షణశాలకు వెళ్ళడం జరిగినది. పాదరక్షలు గుమ్మం వద్ద విడిచి, చాపలు పరచిన గదిలో ప్రవేశించవలెను. మోకాళ్ళపై కూర్చొనలేనివారికి కుర్చీ, బల్ల ఇస్తారు. బల్లపై కంబళి వంటి మెత్తని గుడ్డ పరచి, దానిపై సుమారు 24 సెంటీమీటర్ల వెడల్పు, 33 సెంటీమీటర్ల పొడవు గల పలుచని కాగితం ఉంచి, అది కదలకుండా పైన ఒక లోహపు కడ్డీ పెడతారు.

మొదటి పావుగంట రాత లేదు, సిరా తీయడమే. సీసాలో తయారుగా ఉన్న సిరా పోసుకొని వెంటనే రాయవచ్చును. అనేక శాలలలో అట్లే చేస్తారు. కాని మా ఉపాధ్యాయిని కడ్డీనే ఇచ్చినారు. తొందరపడి గట్టిగా రుద్దితే సిరా గరుకుగా వస్తుందని, చేయి తేలికగా తిరుగవలెనని చెప్పినారు. సిరా చిక్కబడేలోగా మనస్సు కుదుటపడడం ఈ ఆలస్యంలోని రహస్యమని కొంతసేపటికి గాని తెలిసి రాలేదు.

పిదప మూడు ప్రాథమిక చేష్టలు నేర్పుతారు. గీత చివర కుంచెను నిలిపి ఎత్తడం 'తొమే'. కొనను విసరి పైకి లేపడం 'హనే'. ఒత్తిడి తగ్గిస్తూ తోకవలె సాగదీయడం 'హరాయ్'. శాశ్వతత్వం అనే అర్థం గల ఒక అక్షరంలో రాతకు కావలసిన ఎనిమిది విధాల చేష్టలూ ఇమిడి ఉన్నవని, పూర్వంనుండి దానినే అభ్యాసానికి వాడుతున్నారని వివరించినారు. మన ఉస్తాదులు ఒక 'బే', ఒక 'నూన్' తిప్పడం కుదిరితే సగం విద్య వచ్చినట్లే అనడం గుర్తుకు వచ్చినది.

రాయడానికి నాకు ఎంచి ఇచ్చిన అక్షరం 'కొకోరో', అనగా హృదయం. గీతలు నాలుగే: ఎడమవైపు ఒక చుక్క, క్రింద కొక్కెం వలె తిరిగే ఒక వంపు, ఆపైన రెండు చుక్కలు. చూచుటకు ఎంతో సులభం. బాల్యంలో తఖ్తీపై వెదురు కలంతో అక్షరాలు దిద్దినవాడిని గనుక, చేయి తిరిగినదనే ధీమాతో మొదలుపెట్టినాను. అదే పొరపాటైనది.

కలానికి, కుంచెకు గల భేదం అప్పుడు తెలిసినది. కలం మొనను ఏటవాలుగా కోస్తాం. గీత లావు, సన్నం ఆ మొన పట్టిన కోణాన్ని బట్టి ఏర్పడుతవి. కుంచెకు మొన ఒకే చోట ఉండదు. నొక్కినకొద్దీ గీత లావెక్కుతుంది, ఎత్తినకొద్దీ సన్నగిల్లుతుంది. కలానికి రెండు దిక్కులుంటే, కుంచెకు పైకి, క్రిందికి అనే మూడవ దిక్కు ఉన్నది. మణికట్టు బల్లకు ఆనించరాదు. మోచేయితో సహా చేయి అంతా గాలిలో ఉండవలెను. వంపు మధ్యలో ఒక్క క్షణం సందేహించినాను. కాగితం పలుచనిది గనుక ఆ సందేహమంతా నల్లని మడుగై కనిపించినది. దానిని కప్పిపుచ్చడానికి అదే గీతపై కుంచెను మరల త్రిప్పబోగా, ఉపాధ్యాయిని మృదువుగా నా చేయి ఆపి, ఆ కాగితం తొలగించి క్రొత్తది ఉంచినారు.

గీసిన గీతపై రెండవసారి కుంచె పెట్టరాదు. ఇది షోదోలో మొట్టమొదటి నియమం. తప్పు జరిగితే అది అట్లే ఉండవలెను. గురువు మాత్రం ఎర్రని సిరాతో, ఆ గీత ఎక్కడ తప్పినదో పక్కన చూపుతారు. బాగా కుదిరినచోట ఎర్రసిరాతో ఒక చుట్టు చుట్టి, పూరేకులవలె గీతలు పెట్టి మెచ్చుకొంటారు. విద్యార్థి చేయవలసినది దిద్దడం కాదు, మరల రాయడం.

తెలుగులో 'దిద్దు' అనే మాటకు రెండర్థాలున్నవి. పిల్లలు అక్షరాలు నేర్చుకొనడం దిద్దడమే, తప్పును సవరించడమూ దిద్దడమే. గీసినదానిపైనే పదే పదే గీస్తూ నేర్చుకొనడం మన పలక పద్ధతి. జపానులో ఆ రెండు పనులనూ వేరుచేసినారు. నేర్చుకొనేవాడు ఒకే ఊపిరిలో రాస్తాడు. సవరించే బాధ్యత గురువుది. ఇందువలన ప్రతి గీత వెనుక 'తరువాత సరిచేసుకొనవచ్చు'ననే ఊరట లేకుండా పోతుంది. గంటన్నరలో ఇరువదికి పైగా కాగితాలు రాసినాను. చివరికి ఎంచి ఉంచిన కాగితం అందమైనదేమీ కాదు. కాని అందులోని వంపులో సందేహం లేదు.

తుదకు పేరు రాసి, ఎర్రని ముద్ర వేయడంతో పని ముగుస్తుంది. విదేశీయుల పేర్లను 'కతకానా' అనే లిపిలో రాసి ఇస్తారు. ఇచ్చట గమనింపదగినది మరొకటి ఉన్నది. జపాను పుస్తకాలలో నిలువు వరుసలు కుడినుండి ఎడమకు సాగుతవి. పుస్తకం కుడివైపునుండి తెరుచుకొంటుంది. ఉర్దూ పుస్తకానికి అలవాటుపడిన చేతికి ఆ పుటలు తిరగవేయడంలో ఎట్టి ఇబ్బందీ ఉండదు.

వెళ్ళదలచినవారికి రెండు మాటలు. సిరా మరక వస్త్రాలపై పడితే పోదు గనుక ముదురు రంగు దుస్తులు ధరించడం మంచిది. అక్షరకళ శిక్షణ వేరు, కొన్ని బౌద్ధాలయాలలో జరిగే 'షక్యో' అనే సూత్రలేఖనం వేరు. రెండవది వారికి ఆరాధన. దానిలో పాల్గొనదలచినవారు ఆ సంగతి ఎరిగి, తమ విశ్వాసానికి అనుగుణంగా నిర్ణయించుకొనడం ఉభయులకూ గౌరవం.

నీటిలోనుండి కాగితం

కాగితం తయారీ చూడడానికి ఫుకుయి ప్రాంతంలోని ఎచిజెన్, గిఫు ప్రాంతంలోని మినో వంటి ఊళ్ళు తగినవి. ఎచిజెన్ ప్రజలు తమకు కాగితపు విద్య నేర్పినది ఒక నదీతీరాన కనిపించిన దేవత అని చెప్పుకొని, ఆమెకు ఆలయం కట్టి ఉత్సవాలు జరుపుతారు. మినోలో చేసిన కాగితంపై 702లో రాసిన కుటుంబ గణన పట్టీలు షోసోయిన్‌లో నేటికీ ఉన్నవి. పదమూడు వందల ఏండ్లు దాటినా వాటి అక్షరాలు చదువవీలుగా ఉన్నవి.

ఈ కాగితానికి ముఖ్యమైన ముడిసరుకు 'కోజో' అనే మల్బరీ జాతి చెట్టు నార. చలికాలంలో కొమ్మలు నరికి, ఆవిరిపై ఉడికించి, బెరడు ఒలిచి, పైనున్న నల్లని పొరను గీకివేస్తారు. క్షారజలంలో ఉడికించి, పారే చల్లని నీటిలో కడిగి, మిగిలిన నలుసులను చేతితో ఒక్కొక్కటిగా ఏరుతారు. పిదప నారను బాది, తొట్టి నీటిలో కలుపుతారు. అందులో 'తొరొరో-అవోయ్' అనే మొక్క వేరునుండి తీసిన జిగట కలపడం జపాను పద్ధతిలోని విశేషం. ఆ మొక్క మన బెండకు దగ్గరి బంధువు. బెండకాయ కోసినప్పుడు వచ్చే జిగట వంటిదే అది. దాని వలన నార అడుగుకు దిగిపోక నీటిలో తేలియాడుతుంది. నీరు జల్లెడగుండా నిదానంగా దిగుతుంది. ఆ వ్యవధిలో పనివాడు వెదురు పుల్లల తెరను ముందుకు, వెనుకకు ఊపగా నారపోగులు ఒకదానితో ఒకటి అల్లుకొంటవి. పలుచనిదైనా చిరుగని గుణం ఆ అల్లికవలననే కలుగుతున్నది. అందుచేతనే ప్రపంచంలోని అనేక గ్రంథాలయాలు, ప్రదర్శనశాలలు శిథిలమైన ప్రాచీన పత్రాలను బాగుచేయడానికి ఈ కాగితాన్నే వాడుతున్నవి.

యాత్రికునికి ఇచ్చే పని తెరను ఊపడమొక్కటే. నా తెరపై ఒక మూల దళసరిగాను, ఒక మూల కంతగాను వచ్చినది. అక్కడి వృద్ధ కార్మికుడు నవ్వి, తెరను బోర్లించి నారను తిరిగి తొట్టిలో కలిపివేసినాడు. ఇక్కడనూ అతుకు వేయడం లేదు, మరల మొదలుపెట్టడమే ఉన్నది.

కాగితపు విద్య చైనాలో పుట్టి రెండు దారులు పట్టినది. ఒకటి తూర్పుగా కొరియా మీదుగా జపాను చేరినది. మరొకటి పడమరగా సమర్‌ఖందు, బాగ్దాదుల మీదుగా ముస్లిం కార్మికుల చేతులలో భారతదేశానికి వచ్చినది. ఒకప్పుడు హైదరాబాదు రాజ్యంలో భాగమైన దౌలతాబాదు సమీపంలోని కాగజీపుర అనే ఊరి పేరే ఇందుకు సాక్ష్యం. ఆ విధంగా చూస్తే ఎచిజెన్ కార్మికుడు, మన కాగజీ ఒకే గురుపరంపరకు చెందిన దూరపు దాయాదులు.

ఈ విద్యను నిలిపినవి ఏవి?

టైపు యంత్రం, కంప్యూటరు, చేతిఫోను జపానులో ఏమీ తక్కువ కాదు. అయినను కుంచె మాసిపోలేదు. దానికి కారణం జపాను ప్రజలు మనకన్న భావుకులు కావడం కాదు. కుంచెకు దైనందిన జీవితంలో కొన్ని నిశ్చితమైన స్థానాలు కేటాయించుకొనడం.

మొదటిది పాఠశాల. ప్రాథమిక విద్యలో మూడవ తరగతినుండి ప్రతి బాలుడు, బాలిక కుంచెతో రాయడం నేర్వవలెను. రెండవది పండుగ. క్రొత్త సంవత్సరంలో జనవరి 2న తొలి రాత రాసే ఆచారం 'కకిజొమే'. టోక్యోలోని బుడోకాన్ భవనంలో సంవత్సరారంభాన వేలాది విద్యార్థులు బారులు తీరి కూర్చొని ఒకేసారి రాసే పోటీ జరుగుతుంది. మూడవది ప్రజాజీవితం. 1995నుండి ప్రతి డిసెంబరులోను, ఆ యేటి భావాన్ని తెలిపే ఒక అక్షరాన్ని ప్రజల సూచనలనుండి ఎంపిక చేస్తున్నారు. క్యోటోలోని కియోమిజు ఆలయపు పెద్ద దానిని మహాకుంచెతో రాస్తారు. కోబే నగరం భూకంపానికి గురియైన 1995లో మొదటిసారి ఎంచిన అక్షరానికి కంపనమని అర్థం.

నాలుగవది చట్టం. సంప్రదాయ చేతివృత్తుల అభివృద్ధికై 1974లో ఒక శాసనం చేసినారు. నిత్యజీవితంలో ఉపయోగపడేది, ముఖ్యభాగం చేతితో తయారయ్యేది, సుమారు నూరేండ్ల చరిత్ర గలది అయిన వృత్తికి దానిక్రింద గుర్తింపు లభిస్తుంది. కుమానో కుంచెకు 1975లోనే ఆ గుర్తింపు వచ్చినది. మినో కాగితంతో సహా మూడు ప్రాంతాల చేతికాగితపు విద్య 2014లో యునెస్కో వారసత్వ పట్టికలో చేరినది. షోదోను 2021లో జపాను ప్రభుత్వం స్పర్శింపరాని సాంస్కృతిక సంపదగా నమోదు చేసినది.

ఇంత చేసినప్పటికీ కష్టాలు లేకపోలేదు. కాగితం చేసే కుటుంబాలు వెనుకటికన్న చాలా తగ్గినవి; వారసులు నగరాలకు వెళ్ళుతున్నారు. యాత్రికులకు శిక్షణ ఇవ్వడం వారి ఆదాయమార్గాలలో ఒకటైనది. కావున ఆ రెండు గంటలకు మనం చెల్లించే రుసుము వినోదానికి ఇచ్చిన మూల్యం మాత్రమే కాదు. ఒక వృత్తి నిలవడానికి అందించిన చేయూత కూడా.

మన కలం సంగతి

పరాయి దేశపు ఘనతను వర్ణించి ఊరకుండడం ఈ వ్యాసోద్దేశం కాదు. ఉర్దూ ఖుష్‌నవీసీ షోదోకు ఏ విధంగానూ తీసిపోదు. నస్తాలీఖ్ రాతలో ప్రతి అక్షరపు కొలత, కలం మొనతో పెట్టిన చుక్కల లెక్కపై ఆధారపడి ఉంటుంది. కంప్యూటరు రాక పూర్వం ఉర్దూ పత్రికలు కాతిబుల చేతిరాతతోనే వెలువడేవి. 1981లో కరాచీకి చెందిన మీర్జా అహ్మద్ జమీల్ రూపొందించిన నూరీ నస్తాలీఖ్ యంత్రాక్షరాలు వచ్చిన పిదప కాతిబుల అవసరం క్రమంగా తగ్గినది. యంత్రం రావడం తప్పు కాదు. పత్రిక వేగంగా వెలువడవలెను గదా. కాని కలానికి పత్రికా కార్యాలయంలో ఉన్న చోటు పోయినప్పుడు, మరొక చోటు మనం చూపలేదు. తెలుగు అందాల రాతకు కూడా ప్రాథమిక పాఠశాల కాపీపుస్తకం దాటిన తరువాత చోటు లేదు.

ఈ రెండు మార్గాలు కలిసిన జీవితం ఒకటి ఉన్నది. 1946లో టోక్యోలో జన్మించిన హోండా కోయిచి 1970వ దశకంలో సౌదీ అరేబియాకు సర్వే పనిమీద వెళ్ళి, పటాలపై పేర్లు రాసే కాతిబుల పనికి ముగ్ధుడై అరబ్బీ లేఖనం నేర్చుకొన్నారు. 2000లో తుర్కీ ఉస్తాదు హసన్ చెలెబీ నుండి ఇజాజత్, అనగా గురువు అనుమతిపత్రం, పొందినారు. కుంచెల దేశంనుండి వచ్చిన ఒక వ్యక్తి కలాన్ని అంతటి గౌరవంతో చేపట్టగా, కలం ఇంటిలో పుట్టిన మనం దానిని అటకపై పెట్టడం ఎంతవరకు సబబో ఆలోచించవలెను.

మన ఇండ్లలో చదువు అక్షరంతోనే మొదలవుతుంది. ఒక ఇంట నాలుగేండ్ల నాలుగు నెలల నాలుగు రోజుల వయస్సున బిస్మిల్లా జరుగుతుంది. ప్రక్క ఇంట పళ్ళెంలో పోసిన బియ్యంపై అక్షరాభ్యాసం జరుగుతుంది. అంత వేడుకగా మొదలైన చేతిరాతకు తరువాత సంవత్సరంలో ఒక్క రోజైనా కేటాయించకపోవడం విచారకరం.

కావున కళాశాల కమిటీ పెద్దల ముందు ఒక చిన్న వినతి. వారానికి ఒక గంట, ఉర్దూ, తెలుగు విద్యార్థులు కలిసి కూర్చొని రాత అభ్యసించే ఏర్పాటు చేయవచ్చును. ఊరిలో ఇంకను మిగిలి ఉన్న కాతిబు సాహెబులలో ఒకరిని పిలిచి, తగిన గౌరవవేతనం ఇచ్చి, ఆ గంట అప్పగించవచ్చును. ఈ వార్షిక సంచికలో ఉర్దూ భాగానికి ఒక పుట, తెలుగు భాగానికి ఒక పుట చేతిరాతలోనే అచ్చు వేయవచ్చును. ఇందుకు పెద్ద వ్యయం కాదు. జపానులో కుంచెను నిలిపినవి కూడా ఇట్టి చిన్న ఏర్పాట్లే.

క్యోటోలో నా చేయి ఆపిన ఉపాధ్యాయినికి మన తఖ్తీ సంగతి చెప్పవలెనని అప్పుడు తోచలేదు. తఖ్తీ నిండిన తరువాత దానిపైనే మరల గీయం. నీటితో కడిగి, ముల్తానీ మట్టి పూసి, ఎండలో ఆరబెట్టి, తెల్లని పలకపై క్రొత్తగా మొదలుపెడతాం. ఆమె తీసి పెట్టిన క్రొత్త కాగితం, మా అమ్మ కడిగి ఇచ్చిన తఖ్తీ చెప్పినది ఒకే పాఠం. ఆ తఖ్తీని అటకనుండి దించి కడిగేవారు కావలెను.